బానిసల యజమాని ఇంట పుట్టిన హార్లన్ నల్లజాతి వాళ్ల హక్కుల కోసం ఎలా నిలబడ్డాడు?

ఒక్కరోజులో మారిపోలేదు. జాన్ మార్షల్ హార్లన్ 1833లో అమెరికాలోని కెంటకీలో పుట్టాడు, వాళ్ల ఇంట్లో బానిసలు ఉండేవాళ్లు, తర్వాత తనూ కొందరికి యజమాని అయ్యాడు. లా చదివి వకీలు అయ్యాడు. బానిసత్వం ఉన్న దక్షిణాది రాష్ట్రాలు విడిపోతామంటే వచ్చిన అంతర్యుద్ధంలో ఉత్తరాది సైన్యం తరఫున పోరాడాడు కానీ, అది దేశం ముక్కలు కాకూడదని, బానిసత్వం పోవాలని కాదు. కెంటకీ అటార్నీ జనరల్‌గా ఉన్నప్పుడు బానిసత్వాన్ని రద్దు చేసిన 13వ సవరణను కూడా వ్యతిరేకించాడు.

యుద్ధం తర్వాత నల్లజాతి వాళ్లపై జరిగిన దాడులు చూసి, అప్పట్లో వాళ్ల హక్కుల వైపు నిలిచిన రిపబ్లికన్ పార్టీలో చేరాడు, తన పాత మాటలు తప్పని బహిరంగంగా ఒప్పుకున్నాడు. గవర్నర్ పదవికి రెండుసార్లు, 1871లో, 1875లో, పోటీచేసి ఓడిపోయాడు. 1877లో సుప్రీంకోర్టు జడ్జి అయ్యాడు.

అసలు విషయం అక్కడే ఉంది. 1896లో ప్లెసీ కేసులో, రైలు పెట్టెల్లో నల్లవాళ్లను వేరుగా కూర్చోబెట్టడం సబబేనని ఏడుగురు జడ్జీలు తీర్పిస్తే, హార్లన్ ఒక్కడే కాదన్నాడు, మన రాజ్యాంగానికి రంగు కనిపించదని రాశాడు. ఆ మాట చదివినప్పుడల్లా నాకు ఒళ్లు గగుర్పొడుస్తుంది. కానీ అదే అసమ్మతి తీర్పులో చైనీయుల గురించి చిన్నచూపుగా రాశాడు, దాన్ని దాచిపెట్టి ఆయన్ని పొగడకూడదు.

1911లో చనిపోయాడు. బడుల్లో ఈ వేర్పాటు చెల్లదని అదే కోర్టు ఏకగ్రీవంగా చెప్పింది మాత్రం 1954లో.