టెక్ సందేహాలు: కరెంటొచ్చింది, కన్సోల్ లేవలేదు

ఈ వారం ప్రశ్నల్లో ఎక్కువ భాగం గాలివానకు కరెంటు పోయొచ్చాక మొండికేసిన గేమ్ కన్సోళ్ల గురించే. అందుకని వాటినే ఒకచోట చేర్చాం.

ప్రశ్న: మొన్న గాలివానకు కరెంటు రెండు మూడుసార్లు పోయి వచ్చింది. అప్పటి నుంచీ మా పీఎస్4 (ప్లేస్టేషన్ 4) స్లిమ్ ఆన్ కావడం లేదు. లైటు లేదు, బీప్ లేదు. టీవీ, ఫ్రిజ్ బాగానే ఉన్నాయి. షాపుకి తీసుకెళ్తే చూడగానే ‘బోర్డు పోయింది’ అన్నారు. నిజమేనా? (కూకట్‌పల్లి)

జవాబు: కావచ్చు, కానీ చూడగానే చెప్పేసిన మాటను నమ్మక్కర్లేదు. లైటూ బీపూ రెండూ లేవంటే కరెంటు లోపలిదాకా అందడం లేదన్నమాట. అలాంటప్పుడు మొదటి అనుమానం గోడ సాకెట్ మీద, తర్వాత తీగ మీద, ఆపైన పవర్ సప్లై (సాకెట్ కరెంటును కన్సోల్‌కి సరిపడేలా మార్చే భాగం) మీద. బోర్డు (కన్సోల్‌ను నడిపే ప్రధాన సర్క్యూట్) వంతు అన్నిటికన్నా చివర. కొన్ని షాపుల్లో ఈ వరస తలకిందులవుతుంది. బోర్డుకు చెప్పే రేటు ఎక్కువ మరి.

కన్సోల్ జోలికి వెళ్లేముందు ఇంట్లో వోల్టేజీ చూడండి. ఫ్యాను రెండో నంబరులోనే ఐదులో తిరిగినట్టు తిరుగుతున్నా, ఛార్జర్లో బల్బులో వరసగా మాడిపోతున్నా స్తంభం దగ్గర న్యూట్రల్ (కరెంటు తిరిగివెళ్లే తీగ) ఊడి ఉండొచ్చు. న్యూట్రల్ తెగితే 230 వోల్టులు రావలసిన ఇంటికి 300 పైన కూడా వస్తుంది. రెండు ఫేజుల మధ్య ఉండేది 400 వోల్టులు, అటువైపు ఎక్కుతుందది. మల్టీమీటరును ఏసీ 750 దగ్గర పెట్టి సాకెట్లో ఫేజుకీ న్యూట్రల్‌కీ మధ్య కొలవండి. అలవాటు లేకపోతే ఎలక్ట్రీషియన్‌తో కొలిపించండి. 207 నుంచి 253 దాకా ఫర్వాలేదు. అది దాటితే మెయిన్ ఆపేసి కరెంటు ఫిర్యాదుల నంబరు 1912కి ఫోన్ చేయండి. అంతవరకూ కన్సోల్ మాట మరిచిపోవాలి.

వోల్టేజీ సరిగ్గా ఉంటే స్పైక్ బస్టర్ పక్కన పెట్టి కన్సోల్‌ను నేరుగా గోడ సాకెట్‌కి పెట్టండి. అంతకుముందు అదే సాకెట్లో ఫోన్ ఛార్జరు పనిచేస్తోందో లేదో చూడండి. స్పైక్ బస్టర్ పైన ఎర్రలైటు వెలుగుతున్నా లోపల ఒక సాకెట్ పత్తీ వదులై ఉండటం మామూలే. తర్వాత తీగ. పీఎస్4 స్లిమ్‌కి వచ్చేది ఎనిమిది అంకె ఆకారంలో మూతి ఉండే రెండు పిన్నుల తీగ. చాలా ప్రింటర్లకూ పాత రేడియోలకూ అదే ఉంటుంది. ఇంట్లో ఉన్న ఇంకొకటి తగిలించి చూడండి, పైసా ఖర్చు లేని పరీక్ష.

అయినా రాకపోతే పవర్ తీగ, హెచ్‌డీఎంఐ, లాన్, యూఎస్‌బీ అన్నీ పీకేసి, కన్సోల్ మీదున్న పవర్ బటన్‌ను 30 సెకన్లు నొక్కి పట్టుకోండి. తర్వాత అరగంట అలా వదిలేయండి. వోల్టేజీ ఎగిసినప్పుడు పవర్ సప్లైలోని కంట్రోల్ ఐసీ (దాన్ని నియంత్రించే చిప్) తనను తాను కాపాడుకోవడానికి తాళం పడినట్టు ఆగిపోవచ్చు. లోపలి పెద్ద కెపాసిటర్‌లో (ఛార్జిని నిల్వ ఉంచే భాగం) ఛార్జి దిగేదాకా ఆ తాళం ఊడదు. తీగ పీకి వెంటనే పెడితే లాభం లేకపోవడానికి కారణం అదే. అరగంట తర్వాత పవర్ తీగ ఒక్కటే పెట్టి, కంట్రోలర్‌తో కాకుండా కన్సోల్ బటన్‌తోనే ఆన్ చేయండి. బీప్ వినిపిస్తే గండం గడిచినట్టే.

వినిపించకపోతే పవర్ సప్లై పోయి ఉండే అవకాశమే ఎక్కువ. టీవీ, ఫ్రిజ్ బతికి ఇదొక్కటే ఎందుకు పోయిందంటే, కరెంటు పోయిన తీరు చూడాలి. చాలా పవర్ సప్లైల ముఖద్వారంలో థర్మిస్టర్ (వేడిని బట్టి నిరోధం మారే భాగం) ఒకటి ఉంటుంది. చల్లగా ఉన్నప్పుడు దాని నిరోధం ఎక్కువ, ఒక్కసారిగా దూసుకొచ్చే కరెంటును అదే నిదానిస్తుంది. ఆట మధ్యలో కరెంటు పోయి రెండు మూడు సెకన్లలోనే వస్తే అదింకా వేడిగానే ఉంటుంది, నిరోధం తక్కువ. ఖాళీ అయిన కెపాసిటర్‌లోకి కరెంటు అడ్డూ ఆపూ లేకుండా దూకుతుంది. ఆ దెబ్బకు ఫ్యూజో, ఏసీని డీసీగా మార్చే రెక్టిఫైయరో, దాని వెనక స్విచ్చులా పనిచేసే మాస్‌ఫెట్టో పోతాయి. గంటసేపు పోయే కరెంటు కన్నా ఇలా వస్తూ పోతూ ఉండేదే ప్రమాదం.

లోపల ఫ్యూజు మాడిందని దాన్ని మాత్రమే మార్పిస్తే చాలాసార్లు రెండోదీ మాడుతుంది, షార్టయిన మాస్‌ఫెట్ అలాగే ఉంటుంది కనుక. ఫ్యూజు చోట రాగితీగ చుట్టే మహానుభావులకు మాత్రం కన్సోల్ ఇవ్వకండి. పవర్ సప్లై డబ్బాను మీరు విప్పే పని కూడా పెట్టుకోవద్దు. 230 వోల్టులు డీసీగా మారాక కెపాసిటర్ మీద 325 దాకా చేరుతుంది, తీగ పీకాక కూడా కొంతసేపు నిలిచే ఉంటుంది.

షాపులో అడగాల్సింది ఒక్కటే: మంచి పవర్ సప్లై ఒకటి తగిలించి మీ ముందే చూపించమనండి. స్లిమ్‌లో సాధారణంగా ఏడీపీ-160 వరసదో, ఎన్15-160పీ1ఏ అనేదో ఉంటుంది. నంబరు దాని లేబుల్ మీదే ఉంటుంది, కొత్తది కూడా అదే పిన్నుల అమరికతో ఉండాలి. పాత లావు పీఎస్4కి, ప్రోకి వేరే రకాలు. పాత మోడల్లోనే ఏడీపీ-240ఏఆర్‌కి అయిదు పిన్నులు, 240సీఆర్‌కి నాలుగు, కళ్లు మూసుకుని కొంటే కుదరదు. ఇంకో పరీక్ష: పీఎస్4 పవర్ సప్లై నుంచి ప్రధానంగా వచ్చేది 12 వోల్టులు, స్టాండ్‌బైకి (ఆఫ్‌లో ఉన్నా సిద్ధంగా ఉండటానికి) 4.8 వోల్టులు. తీగ పెట్టగానే 4.8 రావాలి, 12 బోర్డు అడిగాకే వస్తుంది. 4.8 కూడా లేకపోతే పవర్ సప్లైదే తప్పు. అది సరిగ్గా ఉండి, బటన్ కూడా పనిచేస్తూ బీప్ రాకపోతే అప్పుడు బోర్డు మాట నమ్మొచ్చు. సికింద్రాబాద్ ప్యారడైజ్ దగ్గరి సీటీసీ (చెనాయ్ ట్రేడ్ సెంటర్) షాపుల్లో అడిగి చూడండి. విడి ఎలక్ట్రానిక్ పార్టులకైతే కోఠి గుజరాతీ గల్లీ. ఎక్కడికెళ్లినా పాత పవర్ సప్లై వెనక్కి అడిగి తెచ్చుకోండి.

ప్రశ్న: ఆట ఆడుతుండగా కరెంటు పోయింది. ఇప్పుడు పీఎస్4 ఆన్ అవుతోంది కానీ, అప్‌డేట్ ఫైలున్న యూఎస్‌బీ పెట్టమంటూ ఎస్‌యూ-41333-4 అని చూపిస్తోంది. సేవ్ చేసిన గేములన్నీ పోతాయా? (దిల్‌సుఖ్‌నగర్)

జవాబు: పవర్ సప్లై బాగానే ఉంది, దెబ్బ తగిలింది హార్డ్ డిస్కులోని సిస్టమ్‌కి. ఏదో రాస్తుండగా కరెంటు పోతే ఇలా అవుతుంది. తొందరపడి అది అడిగిందల్లా చేయకండి.

ముందు పూర్తిగా ఆఫ్ చేయండి. పవర్ బటన్ నొక్కి పట్టుకుంటే ఒక బీప్, దాదాపు ఏడు సెకన్లకు రెండో బీప్ వినిపిస్తాయి. రెండోది వినగానే వదిలేస్తే సేఫ్ మోడ్ (మరమ్మతు ఆప్షన్ల మెనూ) వస్తుంది. కంట్రోలర్‌ను కేబుల్‌తో కలపాలి. ఛార్జింగ్‌కి మాత్రమే పనికొచ్చే కేబుల్ అయితే ఎంత నొక్కినా స్పందన ఉండదు, చాలామంది ఇక్కడే ఇరుక్కుంటారు. మెనూ కనిపిస్తే అయిదో ఆప్షన్ రీబిల్డ్ డేటాబేస్ (డిస్కులోని జాబితాను మళ్లీ సర్దేది) ఎంచుకోండి. గేములూ సేవ్‌లూ చెరిగిపోవు. డిస్కు నిండుగా ఉంటే గంటలు పట్టొచ్చు. మధ్యలో మళ్లీ కరెంటు పోకూడదు కాబట్టి వాన లేని పూట పెట్టుకోండి. దాంతో కుదరకపోతే మూడోది, సిస్టమ్ అప్‌డేట్. డేటా దానికీ పోదు.

ఆరు, ఏడు నంబర్లు మాత్రం మొత్తం తుడిచేస్తాయి. మీకు వచ్చిన కోడ్ చూస్తే మెనూ దాకా రాకుండా నేరుగా ఏడో పనికే దిగినట్టుంది. అయిదూ మూడూ అందకపోతే ఇక దారి అదే. కంప్యూటర్‌లో యూఎస్‌బీని ఫ్యాట్32 లేదా ఎక్స్‌ఫ్యాట్‌గా ఫార్మాట్ చేసి, పీఎస్4 అనే ఫోల్డరు, దానిలో అప్‌డేట్ అనే ఫోల్డరు పెట్టండి. పేర్లు ఇంగ్లిష్ పెద్దక్షరాల్లోనే ఉండాలి. సోనీ సైటు నుంచి ఫైలు దించుకుని అందులో వేయండి. సైటులో రెండు ఫైళ్లుంటాయి. మామూలు అప్‌డేట్‌ది చిన్నది, రీఇన్‌స్టాల్‌ది పెద్దది. మీకు కావలసింది పెద్దది. చిన్నది వేస్తే ఇదే కోడ్ మళ్లీ వస్తుంది. రెండోసారి దించితే కంప్యూటర్ ఫైలు పేరు చివర బ్రాకెట్లో ఒకటి తగిలిస్తుంది, అప్పుడూ కన్సోల్ గుర్తుపట్టదు.

సేవ్‌ల సంగతి: ప్లేస్టేషన్ ప్లస్ (సోనీ చందా సేవ) ఉంటే, అప్పటికే క్లౌడ్‌కి ఎక్కినవి దొరుకుతాయి. లేకుంటే ఆశ వదులుకోవాల్సిందే. పీఎస్4 డిస్కులోని డేటా ఆ కన్సోల్‌కే ముడిపడి ఎన్‌క్రిప్ట్ అయి ఉంటుంది, కంప్యూటర్‌కి తగిలించినా చదవలేం. సీఈ-34335-8 అని వస్తుంటే డిస్కే కనిపించడం లేదని అర్థం. ఒకసారి తీసి బిగించి చూడండి, లేదంటే 2.5 అంగుళాల సాటా డిస్కు కొత్తది వేసి రీఇన్‌స్టాల్ చేసుకోవచ్చు.

ప్రశ్న: పిడుగు పడ్డాక పీఎస్5లో తెల్లలైటు వస్తోంది, టీవీలో బొమ్మ లేదు. (అల్వాల్)

జవాబు: టీవీకి కేబుల్ సెట్‌టాప్ బాక్సో, డిష్షో కలిపి ఉంటే దెబ్బ పవర్ తీగ నుంచి కాక ఆ దారిన వచ్చి ఉండొచ్చు. కోయాక్స్ తీగ (కేబుల్ టీవీ, డిష్‌ల గుండ్రటి తీగ) నుంచి బాక్సుకి, బాక్సు నుంచి టీవీకి, టీవీ నుంచి హెచ్‌డీఎంఐ మీదుగా కన్సోల్‌కి. టీవీలో ఆ పోర్టు కూడా పోయిందేమో చూడండి, ఇంకో పోర్టు, ఇంకో కేబుల్, వీలైతే ఇంకో టీవీ ప్రయత్నించండి. తర్వాత పీఎస్4కి చెప్పినట్టే రెండు బీప్‌ల పద్ధతిలో సేఫ్ మోడ్‌కి వెళ్లండి. అక్కడ బొమ్మ వస్తే రెండో ఆప్షన్‌తో రిజల్యూషన్ మార్చుకుంటే సరిపోతుంది. బీప్‌లు వినిపిస్తూ సేఫ్ మోడ్ కూడా ఏ టీవీలోనూ కనిపించకపోతే హెచ్‌డీఎంఐ పోర్టో, దాని వెనకుండే చిప్పో పోయినట్టు. మైక్రోస్కోపు, హాట్ ఎయిర్ (చిప్‌ను వేడిగాలితో ఊడదీసే పరికరం) ఉన్నవాళ్ల దగ్గర చిప్ మార్పించుకోవచ్చు, బోర్డు మొత్తం మార్చే పనుండదు.

ప్రశ్న: ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎస్ బీప్ కొట్టి వెంటనే ఆగిపోతోంది. (మణికొండ)

జవాబు: తీగ పీకి పది సెకన్లు ఆగి, నేరుగా గోడ సాకెట్‌కి పెట్టండి. దాని పవర్ సప్లైలోని సర్జ్ రక్షణ అలా రీసెట్ అవుతుంది. వెనక గాలి వెళ్లే రంధ్రాలు మూసుకుపోలేదని కూడా చూసుకోండి. అయినా అంతే అయితే లోపలి పవర్ సప్లై చూపించాలి.

ప్రశ్న: ఇకమీదట ఇలా కాకుండా స్టెబిలైజర్ కొనాలా, యూపీఎస్సా? ఇంట్లో ఇన్వర్టర్ ఉంది. (మల్కాజిగిరి)

జవాబు: స్పైక్ బస్టర్ ఒక్కటే సరిపోదు. అందులో ఉండే ఎంఓవీ అనే రక్షణ భాగం క్షణకాలపు ఉప్పెనను మింగుతుంది, కాసేపు నిలకడగా 300 వోల్టులు వస్తే తానే మాడిపోతుంది. కొన్ని దెబ్బలు తిన్నాక దాని పస కూడా తగ్గుతుంది. స్టెబిలైజర్ కొంటే హై కట్‌తో (వోల్టేజీ మరీ పెరిగితే ఆపేసేది) పాటు టైమ్ డిలే (కరెంటొచ్చాక కాసేపు ఆగి ఇచ్చేది) ఉన్నది చూసుకోండి. వచ్చీపోయే కరెంటు నుంచి కాపాడేది ఆ డిలేనే. కానీ ఆట మధ్యలో కరెంటు పోతే డిస్కుకి జరిగే నష్టాన్ని అది ఆపలేదు.

ఆపేది యూపీఎస్. 600 వీఏ (వోల్ట్-ఆంపియర్) అని అమ్మేవి చాలావరకు 360 వాట్లే మోస్తాయి. పీఎస్5 పెద్ద గేములో దాదాపు 200 వాట్లు లాగుతుంది, 55 అంగుళాల టీవీ ఇంకో 100 నుంచి 150. రెండూ కలిపితే అంచున వేలాడినట్టే, కాబట్టి 1000 వీఏ తీసుకోండి. పీఎస్4 స్లిమ్‌కైనా, సిరీస్ ఎస్‌కైనా చిన్నది చాలు. లైన్ ఇంటరాక్టివ్ అనే యూపీఎస్ రకమైతే వోల్టేజీ హెచ్చుతగ్గులు సరిచేసే ఏవీఆర్ అందులోనే ఉంటుంది, విడిగా స్టెబిలైజర్ అక్కర్లేదు. అది ఇచ్చే కొద్ది నిమిషాల్లో ఆట సేవ్ చేసి, రెస్ట్ మోడ్ కాకుండా పూర్తిగా ఆఫ్ చేసుకోవాలి.

మీ ఇన్వర్టర్ సైన్ వేవ్ (మెయిన్ కరెంటులాంటి నునుపైన తరంగం ఇచ్చేది) అయితే వెనక ఉండే స్విచ్‌ను యూపీఎస్ మోడ్‌లో పెట్టండి. మామూలు మోడ్‌లో మారడానికి పట్టే కాస్త సమయానికే కన్సోల్ ఆగిపోతుంది. స్క్వేర్ వేవ్ (గతుకుల తరంగం ఇచ్చేది) అయితే కన్సోల్‌ను ఆ లైన్లో కలపకండి, బ్యాటరీ మీదికి వెళ్లినప్పుడల్లా పవర్ సప్లై వేడెక్కి గుర్రుమంటుంది.