టెండరు మీద పిల్ వేసే ముందు

చిరంజీవి అమ్మాయికి, పెదనాన్న ఆశీస్సులు.

మీ ఊరి మంచినీటి పైపులైను టెండరు మీద పిల్ (ప్రజాప్రయోజన వ్యాజ్యం) వేయడానికి నువ్వు రాసిన అఫిడవిట్ ముసాయిదా రెండుసార్లు చదివాను. పదకొండు పేజీల్లో తొమ్మిది పేజీలు రేటు ఎక్కువైందన్న గోడే ఉంది. అది తగ్గించు తల్లీ. రేటు ఎంత ఉండాలో తేల్చడం హైకోర్టు పని కాదు. 1994లో టాటా సెల్యులార్ కేసులో సుప్రీంకోర్టు ఈ గీత గీసింది: నిర్ణయం మీద కోర్టు అప్పీలు వినదు, ఆ నిర్ణయానికి వచ్చిన దారి సక్రమంగా ఉందా అని చూస్తుంది.

కాబట్టి దారి వెతుకు. టెండరు నోటీసులో ఏ అర్హతలు అడిగారు, గెలిచినవాడికి అవి ఉన్నాయా? సవరణ ఎప్పుడు వచ్చింది, గడువుకు ముందా, బిడ్లు తెరిచాకా? 2012లో 122 టెలికాం లైసెన్సులు రద్దయినప్పుడు జనమంతా లక్షల కోట్ల నష్టం గురించే మాట్లాడుకున్నారు. తీర్పు తెరిచి చూడు. దరఖాస్తులకు కటాఫ్‌ను 2007 అక్టోబరు 1 నుంచి సెప్టెంబరు 25కి వెనక్కి జరపడం దానిలో ఎంత బరువు మోసిందో తెలుస్తుంది.

రమణ దయారాం శెట్టి కేసు మాత్రం అక్షరం వదలకుండా చదువు. 1979 నాటిది. బొంబాయి విమానాశ్రయంలో రెస్టారెంటు టెండరు. ఐదేళ్ల అనుభవమున్న రెండో తరగతి హోటలుదారులే రావాలని నోటీసిచ్చి, ఆ అర్హత లేనివారికి కట్టబెట్టారు. తాను పెట్టిన షరతును ప్రభుత్వ సంస్థ తానే దాటకూడదని కోర్టు తేల్చింది. అయినా పిటిషనరుకు ఊరట దక్కలేదు. ఐదు నెలలు దాటాక వచ్చాడు, ఈలోగా అవతలివాళ్లు డబ్బు పెట్టేశారు. పైగా అతని వెనక ఇంకెవరో ఉన్నారని కోర్టుకు అనిపించింది.

ఈ చివరి మాట దగ్గర ఆగుతాను. వకీలుగా కొత్తలో నేనూ ఇలాంటి పిల్ ఒకటి వేశాను. స్టే వచ్చిన రోజు ఎంతో సంబరపడ్డాను. అవతలివాళ్లు కోర్టుకిచ్చిన జవాబు, అంటే కౌంటరు వచ్చాక తెలిసింది, నా పిటిషనరు ఓడిన కాంట్రాక్టరుకు బావమరిదని. ఆ ఊరు వెళ్లాను. తవ్వి వదిలేసిన గోతి పక్కన పైపులు దుమ్ము కొట్టుకుని పడి ఉన్నాయి. ట్యాంకరు కోసం బిందెలు వరుసగా పెట్టి, ఎవరి బిందె వాళ్లు గుర్తుపట్టడానికి మూతికి చీరపీలికలు కట్టుకున్నారు. ఎండాకాలమంతా అంతే. నేను అడగాల్సిన ప్రశ్న అడగలేదు. ఆ పీలికలు ఇప్పటికీ కళ్లముందు మెదులుతాయి.

అందుకే నీ దగ్గరికొచ్చినవాళ్లలో ఒక్కొక్కరినీ విడిగా కూర్చోబెట్టి అడుగు: ఖర్చు ఎవరు పెడుతున్నారు, బిడ్డరెవరితోనైనా చుట్టరికముందా. మొహమాటపడకు. ఓడిన కాంట్రాక్టరుకు నిజంగా అన్యాయం జరిగితే తన పేరుతో తానే రిట్ వేసుకోవచ్చు. పిల్ వేసినవారి నేపథ్యం చూడమని 2010లో బల్వంత్ సింగ్ చౌఫాల్ కేసులో సుప్రీంకోర్టే హైకోర్టులకు చెప్పింది.

స్టే మాటకొస్తే, నీళ్ల పని ఆగితే నష్టం ఊరిదే. రౌనక్ ఇంటర్నేషనల్ కేసులో 1998లోనే ఈ హెచ్చరిక ఉంది, పని ఆలస్యమై ఖర్చు పెరిగితే అది స్టే అడిగినవారి మెడకు చుట్టుకోవచ్చు. నీ దగ్గర గట్టి కాగితం లేకపోతే స్టే బదులు త్వరగా విచారణ అడుగు.

సమాచార హక్కు దరఖాస్తు వెంటనే పెట్టు, కానీ జవాబుకు గడువైన ఆ 30 రోజులూ చేతులు కట్టుకుని కూర్చోకు. ఈ-ప్రొక్యూర్‌మెంట్ పోర్టల్లో ఉన్నవన్నీ తేదీ, సమయం కనిపించేలా ప్రింటు తీసుకో. కమిషనరుకు వినతిపత్రం ఇచ్చి ముద్ర వేయించుకో. కోర్టు మొదట అడిగేది అదే.

తేదీల పట్టిక మొదటి పేజీలోకి తెచ్చి మళ్లీ పంపు, చూస్తాను. పని మొదలుపెట్టమని ఉత్తర్వు ఇచ్చేశారో లేదో మాత్రం రేపు పొద్దున్నే కనుక్కో.

మీ పెదనాన్న