సందేహాలు – సమాధానాలు: నరమా, నాడీమార్గమా?

ప్రశ్న: మా నాన్నగారికి కుడి కాలూ చెయ్యీ పడిపోతే, ఎడమ మెదడులో నాడీమార్గం దెబ్బతిన్నదని వైద్యులు చెప్పారు. ఇంట్లో అందరూ ‘నరం పోయింది’ అంటున్నారు. రెండూ ఒకటేనా? ఏది సాధువు?
– ఒక పాఠకురాలు

సమాధానం: అమ్మా, రెండూ సాధువులే కాని, రెండూ ఒకటి కావు.

నరము అచ్చతెలుగు మాట. తమిళ నరంబు, కన్నడ నర, మలయాళ ఞరంబు దీని తోబుట్టువులు. ప్రాచీన తమిళంలో యాళ్ అనే వాద్యానికి బిగించిన తీగ కూడా నరంబే. ఒంట్లో తీగలా సాగినదంతా మన పూర్వులకు నరమే కనుక, కండను ఎముకకు కట్టే బంధమూ, నెత్తురు పారే సిరా, స్పర్శను మోసే తంతువూ ఆ ఒక్క మాటలోనే ఇమిడాయి. సూది గుచ్చబోతూ ‘నరం దొరకడం లేదు’ అనేది నేటికీ సిర గురించే. ఇది మన భాషకు లోపమేమీ కాదు, గ్రీకుల న్యూరాన్ అనే మాట సైతం మొదట కండను ఎముకకు కట్టే స్నాయువు, వింటినారి అనే అర్థాలలోనే ఉండేది. నాడి సంస్కృతపదం, బోలు కాడ అని దాని తొలి అర్థం. వైద్యుడు చెయ్యి పట్టి చూసే నాడి, ఘడియ అనే కాలమానం తక్కిన అర్థాలు.

ఇక మీ నాన్నగారి సంగతి. మెదడు పైపొర నుంచి వెన్నుపాములోకి దిగే చలన తంతువుల దారే వైద్యులన్న నాడీమార్గం. ఆ తంతువుల్లో నూటికి 85–90 వంతులు మెదడు అడుగుభాగాన అవతలి పక్కకు దాటుతాయి. ఎడమ మెదడుకు నెత్తురు అందకపోతే కుడివైపు పడిపోవడం అందువల్లనే. పక్షవాతంలోని పక్షం ఆ సగం శరీరమే. చేతికీ కాలికీ పోయే నరాలు అప్పుడు బాగానే ఉంటాయి. ముఖంలో ఈ తేడా కంటికే కనిపిస్తుంది. ముఖనరమే దెబ్బతింటే ఆ వైపు నుదురు కూడా ముడత పడదు. మెదడులోని మార్గం దెబ్బతింటే, నుదుటికి రెండు వైపుల మెదడు నుంచీ ఆజ్ఞ అందుతుంది కనుక ముడత నిలుస్తుంది, మూతి మాత్రం వంకరపోతుంది. కంపవాతంలోనూ (పార్కిన్సన్స్ వ్యాధి) క్షీణించేది మెదడులో డోపమిన్ అనే రసాయనాన్ని అందించే మార్గమే కాని, వణికే చేతి నరం కాదు.

ప్రతి నీరసానికీ ‘నరాల బలహీనత’ అని పేరు పెట్టే ప్రకటనలు ఈ వివేచనను చెరిపివేస్తున్నాయి. హఠాత్తుగా చెయ్యి పడిపోతే ‘నరం పట్టేసింది’ అని నూనె మర్దించుకుంటూ కూర్చోవడం నన్ను బాధిస్తుంది. మెదడుకు నెత్తురు అందకుండా అడ్డుపడిన గడ్డను కరిగించే మందు, చెయ్యి పడిపోయినప్పటి నుంచి సాధారణంగా నాలుగున్నర గంటల లోపలే ఇవ్వాలి.

మెదడు, వెన్నుపాముల లోపల సాగేదాన్ని నాడీమార్గమనీ, వాటిని దాటి బయటికి వచ్చినదాన్ని నరమనీ రాయడం నాకు సమ్మతం. ‘నరాల దారి’ వాడుకలో స్థిరపడితే దానినీ కాదనను. అయితే ‘నాడి మార్గం’ అని హ్రస్వంతో విడదీసి రాస్తున్నారు. సంస్కృత సమాసంలో ఆ దీర్ఘం ఉండవలసిందే.