నాన్నగారు ఆపమన్నాక

వడపళని, చెన్నై

అమ్మాయీ,

మీ నాన్నగారి మీద నువ్వు తీస్తున్న డాక్యుమెంటరీ రఫ్ కట్, అదే తొలి కూర్పు, రెండుసార్లు చూశాను. ఆయన చేతులు బాగా తీశావు. డబ్బింగ్ థియేటర్లో ఏళ్ల తరబడి, మళ్లీ మళ్లీ తిరిగే ఫిల్ము లూపులు ఎక్కించిన చేతులు చిక్కుడుకాయల ఈనెలు తీస్తుంటే ఒకప్పటి మన సినిమా పేట కోడంబాక్కం కథ అందులోనే ఉంది. ఆ పాత స్టూడియో గేట్ల షాట్లు తీసెయ్. సినిమావాళ్లు హైదరాబాదు వెళ్లిపోయారని మనం ఏడ్చింది చాలు.

నా గొడవ వేరే. ఇందులో నువ్వెక్కడ?

మొదట్లో అద్దం ముందు కెమెరా పట్టుకుని నిలబడ్డావు, అది ఉత్త సెల్ఫీ. వాయిస్ ఓవర్‌లో వినిపించేది వార్తలు చదివే మనిషెవరో. ‘ఆమా’, ‘సరి’ అనే అరవ మాటలు లేకుండా ఒక్క మాట పూర్తి చేయని పిల్లవి, ‘మా జీవన గమనం’ ఏమిటి? కాగితం పక్కన పడేసి మళ్లీ చెప్పు.

నువ్వు దొరికిపోయింది ఒక్కచోటే. నాన్నగారు “ఇంక ఆపమ్మా” అంటారు. వెంటనే కట్ చేశావు. కానీ ఆయన ఊపిరి చప్పుడు తర్వాతి షాట్ మీదికి జారింది. అంటే నువ్వు కెమెరా ఆపలేదు. ఆ క్లిప్పు ఇంకా ఎంతసేపు నడిచింది? నాకు అది చూడాలని ఉంది.

ఫ్రెంచి దర్శకురాలు ఆన్యెస్ వర్దా, పొలాల్లో మిగిలిపోయిన బంగాళాదుంపలు ఏరుకునేవాళ్ల మీద ఒక డాక్యుమెంటరీ తీసింది. 2000లో వచ్చింది. చిన్న డిజిటల్ కెమెరాని ఒక చేత్తో పట్టుకుని ముడతలు పడ్డ రెండో చేతిని తీసింది. ఒకసారి కెమెరా ఆపడం మరిచిపోతే, ఊగుతున్న లెన్స్ మూత రికార్డయింది. దాన్నీ పారేయలేదు, సంగీతం వేసి ఉంచేసింది. ఏరుకునేవాళ్లలో తనూ ఉన్నానని వేరే చెప్పనక్కర్లేకపోయింది.

అలాగని ఆ క్లిప్పు ఉంచేయమనను. వయసులో ఉండగా నేను మా అమ్మ తాకట్టు పెట్టిన గాజుల మీద కథ రాశాను. అచ్చయ్యాకే చూపించాను. చదివి, పత్రిక మడిచి, “బాగుంది” అంది. మళ్లీ ఎప్పుడూ నా ఎదుట డబ్బు మాట ఎత్తలేదు. నువ్వు మాత్రం ముందు ఆయనకి చూపించు, ఒక్కరికే. వద్దంటే తీసెయ్, బేరాలాడకు.

ఇంకొకటి. వంటింటి నుంచి హాల్లోకి వచ్చేసరికి ఫ్యాన్ హోరు మారిపోతోంది, కట్ దగ్గర చెవికి తగులుతోంది. ఒక్కో గదిలో ఎవరూ మాట్లాడకుండా నిమిషం పాటు రూమ్ టోన్, అంటే ఆ గది ఖాళీ చప్పుడు, తీసుకో, ఫ్యాన్ వేసీ, ఆపీ. మే నెలలో ఫ్యాన్ ఆపమంటే ఇంకెవరైనా తిడతారు. సౌండ్‌లో పనిచేసిన మనిషి గనక, నువ్వు అడిగేలోపే ఆయనే లేచి స్విచ్ నొక్కుతారు. అప్పుడు కెమెరా కూడా స్టాండ్ మీద పెట్టి ఆన్ చెయ్. నువ్వెళ్లి ఆయన పక్కన కూర్చో.