తాతగారి మాట, మనవడి మౌనం

ప్రశ్న: డాలస్ దగ్గర ఫ్రిస్కోలో ఉంటున్నాం. మా అబ్బాయికి 16 ఏళ్ళు. వాడి స్నేహితుడు, నల్లజాతి కుర్రాడు, ఇంటికొస్తే గుంటూరు నుంచి వచ్చిన మా మామగారు నా హ్యాండ్‌బ్యాగ్ తీసి లోపల దాచారు. "ఇలాంటివాళ్ళని రానిస్తారా?" అన్నారు. తెలుగు రాకపోయినా ఆ పిల్లాడికి అర్థమైంది. అప్పట్నుంచి మావాడు తాతయ్యతో మాట్లాడడు. మావారు "ఈ వయసులో నాన్నకేం చెప్తాం" అంటారు. కోడలిగా నేను నోరెత్తలేను. ఒకటే టెన్షన్.

జవాబు: అమ్మా, ముందు ఆ పిల్లాడి సంగతి చూడండి. అతనికి ఎవరైనా క్షమాపణ చెప్పినట్టు మీరు రాయలేదు. ఈ వారమే మీరిద్దరూ అతని అమ్మానాన్నలకు ఫోన్ చేసి, మా ఇంట్లో మీ బాబుకి అవమానం జరిగింది, తప్పు మాది అని చెప్పండి. పెద్దాయన, తెలియక అన్నారు అని సర్దిచెప్పకండి.

మామగారితో మాట్లాడాల్సింది మీవారే. మీరంటే అది అత్తింటి తగువైపోయి అసలు విషయం పక్కకుపోతుంది. వాకింగ్‌కి తీసుకెళ్ళి నెమ్మదిగా చెప్పమనండి. 1923లో అమెరికా సుప్రీంకోర్టు భగత్ సింగ్ థింద్ అనే పంజాబీ వలసదారు కేసులో భారతీయులు తెల్లవాళ్ళు కారు, పౌరసత్వం కుదరదు అంది. 1946లో చట్టం మారినా మనకిచ్చిన కోటా ఏడాదికి వందమందే. నల్లజాతివాళ్ళు లాఠీదెబ్బలు తిని, జైళ్ళకెళ్ళి 1964లో పౌరహక్కుల చట్టం సాధించారు. ఆ ఊపులోనే 1965లో వలస చట్టం మారి మనకి దారి దొరికింది. మీవారు ఈ దేశంలో అడుగుపెట్టింది ఆ దారినే. 2017లో కాన్సాస్‌లో ఒక తెల్లవాడు "మా దేశం వదిలి పొండి" అని అరిచి, హైదరాబాద్ నుంచి వచ్చిన ఇంజనీరుని కాల్చి చంపాడు. ఆ వార్త విని మామగారు మీకోసం ఎంత కంగారుపడి ఉంటారో! ఆ కంగారు గుర్తుచేయమనండి. మన ఊళ్ళ టీకొట్లలో దళితులకు వేరే గ్లాసు పెట్టే రెండు గ్లాసుల పద్ధతి ఆయనకు తెలియనిది కాదు, అదీ అడగొచ్చు.

నిజానికి నాకు ఆయనకన్నా మీ తరం మీదే బాధ. ఇక్కడ చదువుకుని స్థిరపడినవాళ్ళే పార్టీల్లో నల్లవాళ్ళని "కల్లు" అని హిందీ వెక్కిరింపు మాటతో అంటుంటే పిల్లలు వింటున్నారు.

మీ అబ్బాయిని తాతయ్యతో మాట్లాడమని బలవంతపెట్టకండి. "ఆ రోజు నేనే మాట్లాడాల్సింది, భయపడ్డాను" అని వాడితో ఒప్పుకోండి. వాడి కోపం సగం మీ మౌనం మీదేనని నా అనుమానం. ఆ స్నేహితుడు మళ్ళీ రావడానికి ఇష్టపడితే భోజనానికి పిలవండి, మామగారూ అదే టేబుల్ దగ్గర కూర్చుంటారు. మీ హ్యాండ్‌బ్యాగ్ రోజూ ఉండేచోటే ఉండనివ్వండి.