బట్టల సాయం వస్తుందని బండి కాగితాలు తాకట్టు పెట్టారు

ప్రశ్న: మాది అరిజోనాలోని చిన్లీ. నేను తెలుగువాణ్ణి, ఇక్కడి పబ్లిక్ స్కూల్లో లెక్కల టీచర్ని. నా భార్య నవాహో (ఇక్కడి గిరిజన జాతి), అదే స్కూల్లో సహాయకురాలు. పిల్లలు ముగ్గురు: 14, 11, 6 ఏళ్లు. ఆగస్టు నుంచి మే దాకా నెలకు నాకు 3,200, ఆమెకు 1,600 డాలర్లు చేతికొస్తాయి. జూన్, జూలైల్లో జీతం లేదు. ఊళ్లో అమ్మానాన్నలకు పంపే 300తో కలిపి నెలకు 3,700 ఖర్చు. చాప్టర్ (నవాహోల పంచాయతీ) నుంచి స్కూలు బట్టల సాయం వస్తుంది కదా అని జూలై చివర నా పికప్ ట్రక్కు మీద 1,500 డాలర్ల టైటిల్ లోన్ (బండి కాగితాలు తాకట్టు పెట్టి తెచ్చే అప్పు) తీసుకుని పిల్లలకు అన్నీ కొన్నాం. సాయం అక్టోబరులో వచ్చింది, పిల్లకు 150 చొప్పున 450. ఇప్పటికి మూడు నెలలుగా వడ్డీయే కడుతున్నాం. ఈలోగా వేసవిలో క్రెడిట్ కార్డు మీద పడ్డ 2,600 మాత్రం పూర్తిగా తీర్చేశాం. ఆ 450తో పిల్లల కాలేజీ చదువుకి దాచే 529 ఖాతా తెరిచి నెలకు 100 వేద్దామనుకుంటున్నాను. లేదా మా అత్తగారు ఇచ్చిన నీలిరాళ్ల హారం న్యూ మెక్సికోలోని గ్యాలప్‌లో కుదువ పెట్టి అప్పు తీర్చమంటారా?

జవాబు: హారం కుదువ పెట్టొద్దు. 529 ఇప్పుడు వద్దు. ముందు బండి అప్పు సంగతి చూద్దాం.

అరిజోనాలో పేడే లోన్ల (జీతం రోజున తీర్చే చిన్న అప్పుల) చట్టం 2010 జూన్ 30తో ముగిసింది. ఆ దుకాణాలు పోయిన చోట టైటిల్ లోన్లు పాతుకుపోయాయి. అప్పు 500 డాలర్లు దాటి 2,500 లోపు ఉంటే అక్కడి చట్టం నెలకు 15 శాతం వడ్డీ వసూలు చేసుకోనిస్తుంది. నెలకు అని మళ్లీ చెబుతున్నాను. ఏడాదికి 180 శాతం. మీ 1,500 మీద నెలకు 225. మూడు నెలలకు 675 కట్టారు, అసలు 1,500 అసలుగానే ఉంది. ఏ సాయాన్ని నమ్ముకుని అప్పు చేశారో ఆ సాయం 450. వడ్డీయే దాన్ని దాటి 225 ముందుకెళ్లింది.

దీనికన్నా పెద్ద పొరపాటు కార్డు ముందు తీర్చడం. కార్డు వడ్డీ ఎంత ఎక్కువన్నా ఏడాదికి పాతిక, ముప్పై శాతం. మీకు నెలకు 1,100 మిగులుతోంది. ఆగస్టులో ఆ 1,100 బండి అప్పుకి కట్టి ఉంటే వడ్డీ పోను 625 మిగిలేది. సెప్టెంబరులో వడ్డీతో కలిపి 719 కడితే కాగితాలు చేతికొచ్చేవి. కార్డుకి ఆ రెండు నెలలూ కనీస మొత్తం కడితే సరిపోయేది. ఎక్కువ మొత్తం ఉన్న అప్పు పెద్దగా కనిపిస్తుంది, అందుకే చాలామంది ముందు దాన్ని తీరుస్తారు. ముందు తీర్చాల్సింది ఎక్కువ వడ్డీ ఉన్నదాన్ని.

బండి విషయంలో మీకు ఇంకో ముప్పు ఉంది. నవాహో వ్యక్తి ఆస్తిని నవాహో నేల మీద నుంచి అప్పిచ్చినవాళ్లు పట్టుకుపోవాలంటే ఆ వ్యక్తి రాసిచ్చిన సమ్మతి గానీ నవాహో కోర్టు ఉత్తర్వు గానీ ఉండాలి. ఆ రక్షణ రాసింది నవాహోల ఆస్తికి. ట్రక్కు మీ ఒక్కరి పేరున ఉంటే దాని మీద ఆశ పెట్టుకోకండి. మీ భార్య పేరున ఉన్నా సరే, సరుకుల కోసం గ్యాలప్‌కో ఫ్లాగ్‌స్టాఫ్‌కో వెళ్లిన రోజు ఆ గీత దాటినట్టే. చిన్లీ నుంచి గ్యాలప్ తొంభై మైళ్లకు అటూ ఇటూ. బండి లేకపోతే మీ ఇంట్లో డాక్టరు, కిరాణా, పిల్లల ఆటలు అన్నీ ఆగిపోతాయి. అలాంటి బండిని బూట్ల కోసం పణంగా పెట్టారు.

ఇప్పుడు చేయాల్సింది. ఈ వారమే మీ క్రెడిట్ యూనియన్‌కి (సభ్యుల సహకార బ్యాంకుకి) వెళ్లి, పేడే లోన్‌కి బదులుగా తక్కువ వడ్డీకి ఇచ్చే పేడే ఆల్టర్నేటివ్ లోన్ ఉందా అని అడగండి. ఫెడరల్ క్రెడిట్ యూనియన్లు ఇచ్చే ఈ అప్పు మీద వడ్డీ ఏడాదికి 28 శాతం మించకూడదు, దరఖాస్తు రుసుము 20 డాలర్లు మించకూడదు. ఇందులో రెండో రకం 2,000 దాకా ఇస్తారు, సభ్యత్వం తీసుకున్న రోజే అడగొచ్చు. అన్ని యూనియన్లలో ఉండదు, కాబట్టి ఒకచోట లేదంటే రెండోచోట అడగండి. 1,500 తీసుకుని టైటిల్ లోన్ మూసేయండి. నవంబరులో మీకు మిగిలే 1,100, డిసెంబరులో 445 కడితే అది కూడా అయిపోతుంది. మొత్తం వడ్డీ దాదాపు 45 డాలర్లు. ఆ అప్పు దొరక్కపోతే అదే 1,100ను నేరుగా టైటిల్ లోన్‌కి కట్టండి. రెండు నెలల్లో తీరుతుంది గానీ వడ్డీ 319 అవుతుంది. కట్టేటప్పుడు వడ్డీ పోగా మిగిలింది అసలుకి వేసుకోమని రాతపూర్వకంగా చెప్పి, రసీదులో కొత్త నిల్వ చూసుకోండి.

వచ్చిన 450 అప్పుకీ కట్టకండి, 529లోనూ వేయకండి. బట్టల పేరుతో ఇచ్చిన డబ్బుకి చాప్టర్లు సాధారణంగా రసీదులు అడుగుతాయి. రసీదులు ఇవ్వకపోతే మరుసటి ఏడు దరఖాస్తు దగ్గరే ఆగిపోతుంది. ఆ డబ్బుతో ఇప్పుడు చలికోట్లు, మంచులో వేసుకునే బూట్లు కొనండి. చిన్లీ అయిదున్నర వేల అడుగుల ఎత్తున ఉంది. వాన పడినా మంచు కరిగినా అక్కడి మట్టిదారి ఎర్రటి బురదే. బస్సు ఆగే చోటికి నడిచేసరికి గుడ్డ బూటు మడమ దాకా నానిపోతుంది, ఆరాక అట్టలా బిగుసుకుంటుంది. జూలైలో కొన్న బూట్లు డిసెంబరుకి పనికిరాకపోవడం పిల్లల తప్పు కాదు. ఇంకో మాట, ఇలాంటి గిరిజన సంక్షేమ సాయం 2014 చట్టం ప్రకారం ఆదాయం కిందికి రాదు, పన్ను పత్రాల్లో చూపించనక్కర్లేదు.

బట్టల సాయం ఆగస్టుకి ఎందుకు రాలేదో తెలిస్తే వచ్చే ఏడాది దాన్ని ఎక్కడ లెక్కలో వేసుకోవాలో తెలుస్తుంది. చాప్టర్ అంటే మన పంచాయతీ లాంటిది. నవాహో నేషన్‌లో అవి 110. మామూలుగా అడిగేవి పిల్లల సర్టిఫికెట్ ఆఫ్ ఇండియన్ బ్లడ్ (నవాహో వంశమని చూపే పత్రం), స్కూల్లో చేరినట్టు ధ్రువపత్రం, తల్లి లేదా తండ్రి ఆ చాప్టర్‌లో ఓటరుగా ఉన్నట్టు రుజువు. చిక్కు రెండో కాగితంలో ఉంది. కొత్త విద్యా సంవత్సరం తేదీతో ధ్రువపత్రం కావాలి, స్కూలు తెరవనిదే అది చేతికి రాదు. ఆపైన చాప్టర్ సమావేశం తీర్మానం చేయాలి. కోరానికి సరిపడా ఓటర్లు రావాలి, రాకపోతే విషయం ఆ నెల దాటిపోతుంది. నవాహో నేషన్ ఆర్థిక సంవత్సరం సెప్టెంబరు 30తో ముగుస్తుంది కాబట్టి ఆలస్యంగా వెళ్లిన దరఖాస్తులు ఆ ఏటి డబ్బు అడుగంటాక చేరతాయి. ఇన్ని మలుపులు తిరిగే డబ్బు స్కూలు తెరిచే రోజుకి ఎలా వస్తుంది? ఆగస్టు బట్టలకి దాన్ని లెక్కించకండి. చలికోటు డబ్బు అనుకోండి. 2022లో అమెరికా సహాయ నిధుల నుంచి నవాహో నేషన్ పెద్దవాళ్లకి 2,000, పిల్లలకి 600 చొప్పున ఇచ్చింది. అలాంటివి వచ్చినప్పుడు తీసుకోవాలి, మళ్లీ వస్తాయని మాత్రం ఎవరికీ మాట ఇవ్వకూడదు.

కాగితాల్లో తరచూ బెడిసికొట్టేవి రెండు. ఒకటి, మీ భార్య ఓటు ఏ చాప్టర్‌లో ఉందో అక్కడే దరఖాస్తు పెట్టాలి. కాపురం చిన్లీలో ఉన్నా ఓటు పుట్టింటి ఊరి చాప్టర్‌లోనే ఉండిపోయిన వాళ్లు ఎందరో. రెండోది, చిన్నపిల్లకి ఇంకా సర్టిఫికెట్ తీసుకోకపోవడం. నవాహో సభ్యత్వానికి కనీసం నాలుగో వంతు నవాహో రక్తం ఉండాలి. మీ భార్య పూర్తి నవాహో అయితే పిల్లలది సగం, ఏ ఇబ్బందీ లేదు. రాష్ట్రం ఇచ్చిన అసలు జనన ధ్రువపత్రంతో నవాహో నేషన్ ఏజెన్సీ కార్యాలయానికి ఈ శీతాకాలంలోనే వెళ్లండి, జూలైలో వరస పెద్దది.

నవాహో కాని తండ్రులు కొందరు ఇలాంటి సాయం అడగడానికి మొహమాటపడతారు. అక్కర్లేదు. 1868 ఒప్పందం ఆరో అధికరణంలో ప్రతి 30 మంది పిల్లలకు ఒక టీచరు, ఒక బడి ఇస్తామని అమెరికా ప్రభుత్వం రాసిచ్చింది. ఇది పిల్లల హక్కు, అది వాళ్లకు తల్లి వైపు నుంచి వచ్చింది. నవాహోల్లో వంశం కూడా తల్లిదే.

స్కూలు దగ్గర ఇంకో దారి ఉంది. 1934 నాటి జాన్సన్-ఓమాలీ చట్టం కింద మూడేళ్ల పిల్లల నుంచి పన్నెండో తరగతి దాకా అదనపు చదువు అవసరాలకు నిధులుంటాయి. ఫెడరల్ ప్రభుత్వపు గిరిజన విద్యా బ్యూరో స్వయంగా నడిపే బడుల పిల్లలకి అది వర్తించదు. మీ పిల్లలు పబ్లిక్ స్కూల్లో ఉంటే వర్తిస్తుంది. తల్లిదండ్రుల కమిటీలో ఎలా ఖర్చు పెట్టాలో తేలుస్తారు, కాబట్టి మీ భార్యను ఆ సమావేశాలకు వెళ్లమనండి. స్కూల్లో గిరిజన పిల్లల్ని లెక్కించడానికి నింపించే 506 ఫారం వేరు. దాని డబ్బు స్కూలుకి వెళుతుంది, మీ చేతికి రాదు. అయినా నింపి ఇవ్వండి.

ఇక నేను గట్టిగా చెప్పదలచుకున్నది. మీ ఇంట్లో కష్టం బట్టల వల్ల రాలేదు, జూన్, జూలై నెలల వల్ల వచ్చింది. ఏడాదికి 48,000 వస్తోంది, 44,400 ఖర్చవుతోంది. అంటే మిగులే ఉంది. కానీ పది నెలలు 4,800 చూసి, రెండు నెలలు సున్నా చూస్తున్నారు. ఒకే స్కూలు నుంచి రెండు జీతాలు ఒకే రోజు ఆగిపోతాయి. ఇలాంటి ఇంటికి అత్యవసర నిధి లేకపోవడం గోడలు లేని ఇంట్లో కాపురం లాంటిది. ప్రతి టైటిల్ లోన్ వెనకా ఆ నిధి లేకపోవడమే ఉంటుంది.

వచ్చే ఏడాది ఒప్పందం మీద సంతకం పెట్టేటప్పుడు జీతం 26 విడతల్లో ఇవ్వమని ఇద్దరూ అడగండి. చాలా జిల్లాలు ఆ వెసులుబాటు ఇస్తాయి. సంవత్సరం మొదలయ్యాక మార్చనివ్వరు. అప్పుడు నెలకు 4,000 సమంగా వస్తుంది, 300 మిగులుతుంది. ఈ ఏడాదికి మాత్రం సొంతంగా చేయాలి. డిసెంబరులో అప్పు పోగా మిగిలే 655, జనవరి నుంచి మే దాకా నెలకు 1,100, కలిపి 6,155 వేరే ఖాతాలో వేయండి. డెబిట్ కార్డు లేని ఖాతా అయితే మరీ మంచిది. రెండు నెలలకు 7,400 కావాలి, 1,245 తగ్గుతుంది. దాన్ని పన్ను రిఫండుతో పూడ్చండి. పిల్లల మీద వచ్చే క్రెడిట్లున్న రిఫండు ఫిబ్రవరి మధ్య దాటాకే విడుదలవుతుంది. ఆ వారాలు ఓపిక పట్టలేక రిఫండు మీద అడ్వాన్సు తీసుకోకండి, దానికి మళ్లీ రుసుములు. ఉచితంగా పత్రాలు నింపే వీటా కేంద్రానికి వెళ్లండి.

రిఫండులో మిగిలిన ప్రతి డాలరూ అత్యవసర నిధికే. మొదటి మెట్టు 2,000, అది పూర్తిగా బండి కోసం. గేర్‌బాక్స్ పోయినా, ఆ దారుల మీద టైర్లు నాలుగూ ఒకేసారి మార్చాల్సొచ్చినా చేయి చాచకుండా గడవాలి. రెండో మెట్టు ఒక నెల ఖర్చు 3,700. చివరికి మూడు నెలలది, 11,100. అమ్మానాన్నలకు పంపే 300 ఆపమనను, కానీ పండక్కీ పెళ్లికీ అదనంగా పంపేది ఈ నిధి నుంచి తీయకండి.

బట్టలకి నెలకు 50 పక్కన పెడితే జూలైకి 600. పిల్లకు 200. ఆగస్టుకి ఒక్కొక్కరికి రెండు ప్యాంట్లు, నాలుగు చొక్కాలు, ఒక జత బూట్లు చాలు. పెరిగే పిల్లలకి ఏడాది బట్టలు ఒకేసారి కొంటే సగం మార్చికి పొట్టివైపోతాయి. న్యూ మెక్సికోలో జూలై చివర మూడు రోజులు వంద డాలర్ల లోపు బట్టలకీ బూట్లకీ పన్ను ఉండదు. ఎటూ గ్యాలప్ వెళతారు కదా, ఆ రోజుల్లో వెళ్లండి. పాల్గొనడం దుకాణాల ఇష్టం, అడిగి కొనండి.

మీ పేర టర్మ్ పాలసీ లేకపోతే తీసుకోండి. మీకు ఏమైనా అయితే మిగిలేది 1,600 జీతం.

529 సంగతి. మీ పెద్దపిల్లకి నెలకు 100 కన్నా ఇప్పుడు ఎంచుకునే సబ్జెక్టులు ఎక్కువ విలువైనవి. నవాహో నేషన్ ఇచ్చే చీఫ్ మాన్యులీటో స్కాలర్‌షిప్ ఏడాదికి 7,000 డాలర్లు. దానికి మార్కులు, పరీక్ష స్కోరుతో పాటు హైస్కూల్లో నవాహో భాష ఒక ఏడాది, నవాహో ప్రభుత్వం అర ఏడాది చదివి ఉండాలి. పన్నెండో తరగతిలో గుర్తొచ్చి పరుగెత్తేవాళ్లు చాలామంది. గడువు జూన్ 25. కొలరాడోలోని ఫోర్ట్ లూయిస్ కాలేజీలో 1911 నుంచి గిరిజన విద్యార్థులకు ట్యూషన్ ఫీజు లేదు. దినే కాలేజీ మీకు దగ్గర్లోనే, సేలీలో ఉంది. నిధి 11,100 దాటాక 529 గురించి మళ్లీ రాయండి.

టైటిల్ లోన్ తీర్చిన రోజున బండి టైటిల్‌తో పాటు లీన్ (బండి మీద అప్పిచ్చినవాళ్ల హక్కు) విడుదల చేసినట్టు కాగితం కూడా చేతికి తీసుకోండి. కొన్ని వారాల తర్వాత అరిజోనా మోటారు వాహనాల శాఖ రికార్డులో ఆ లీన్ పోయిందో లేదో మీరే చూసుకోండి.