మీరడిగారు: లీగ్ కాని లీగ్‌లో ఒక మేనేజరు

ప్రశ్న: మా పాఠశాల జట్టు పిల్లలకు ఇంగ్లాండ్ ఫుట్‌బాల్ అంటే ప్రీమియర్ లీగ్ ఒక్కటే. జాన్ స్టిల్ అనే మేనేజరు చాలా కాలం 'నాన్-లీగ్' క్లబ్బుల్లోనే పనిచేశారని చదివాను. లీగే కాని చోట అన్నేళ్లు గడపడం వైఫల్యం కాదా?
– ఒక వ్యాయామోపాధ్యాయుడు, చిత్తూరు

జవాబు: ఆ పేరును చూసి పొరబడకండి మాస్టారూ. ఇంగ్లాండ్‌లో ప్రీమియర్ లీగ్‌తో మొదలయ్యే పై నాలుగు డివిజన్లలో ఆడే 92 క్లబ్బులను మాత్రమే లీగ్ క్లబ్బులుగా లెక్కిస్తారు. ఐదో అంచె నుంచి కిందనున్నదంతా నాన్-లీగే. అక్కడా పట్టికలు, పాయింట్లు, కప్పులు అన్నీ ఉంటాయి. కాకపోతే చాలా క్లబ్బుల ఆటగాళ్లు పగలు ఉద్యోగం చేసుకుని సాయంత్రం సాధనకు వస్తారు. ఒకప్పుడు కింది క్లబ్బు పైకి రావాలంటే పై క్లబ్బులు ఓటు వేయాల్సి వచ్చేది. 1986-87 నుంచి ఐదో అంచె విజేతకు నేరుగా ప్రవేశం దొరికింది, అదీ మైదానం నిబంధనలకు సరిపోతేనే.

మరో మాట. తిరుపతిలో మేనేజరంటే లాడ్జి కౌంటరులో తాళంచెవుల బోర్డు ముందు కూర్చునే మనిషి గుర్తుకొస్తాడు. ఇంగ్లీషు ఫుట్‌బాల్‌లో మేనేజరు జట్టును ఎంపిక చేస్తాడు, తర్ఫీదు ఇస్తాడు, చిన్న క్లబ్బులో అయితే ఆటగాళ్లను వెతుక్కునే పని కూడా చాలా వరకు అతని నెత్తినే పడుతుంది.

1950లో తూర్పు లండన్‌లో పుట్టిన స్టిల్, లేటన్ ఓరియెంట్ తరఫున లీగ్‌లో ఆడింది ఒకే ఒక్క మ్యాచ్. తరువాత బిషప్స్ స్టార్ట్‌ఫర్డ్ జట్టులో చేరి 1974లో జీతం లేని ఔత్సాహిక ఆటగాళ్ల పోటీ అయిన అమెచ్యూర్ కప్ గెలిచారు. లండన్‌లోని వెంబ్లీ స్టేడియంలో ఇల్‌ఫర్డ్‌ను 4-1తో ఓడించిన ఆ ఫైనలే ఆ పోటీకి చివరిది. మేనేజరుగా 1989లో మెయిడ్‌స్టోన్‌ను ఐదో అంచె విజేతగా నిలిపి లీగ్‌లోకి చేర్చారు. అప్పటికి ఆ క్లబ్బుకు సొంత ఊళ్లో మైదానమే లేక డార్ట్‌ఫర్డ్‌లో ఆడుతూ ఉండేది. 2007లో డాగెన్‌హామ్ అండ్ రెడ్‌బ్రిడ్జ్‌ను, 2014లో 101 పాయింట్లతో లూటన్‌ను అలాగే పైకి తెచ్చారు. ఆర్థిక అక్రమాలకు, దివాలా నిబంధనలు పాటించనందుకు శిక్షగా 30 పాయింట్లు కోల్పోయి 2009లో కిందికి జారిన లూటన్, వరుసగా మూడేళ్లు ప్లే ఆఫ్‌లలో, అంటే పై అంచెకు వెళ్లే చివరి చోటు కోసం జరిగే అదనపు మ్యాచ్‌లలో ఓడి విసిగి ఉన్న క్లబ్బు. మూడు వేర్వేరు క్లబ్బులను లీగ్‌లోకి చేర్చిన మొదటి మేనేజరు ఆయనే.

నాకు మాత్రం ఈ పతకాలకన్నా ఆయన ఆటగాళ్లను పట్టుకొచ్చిన తీరే ముఖ్యమనిపిస్తుంది. క్రెయిగ్ మకైల్-స్మిత్‌ను 2004లో ఆర్ల్సీ టౌన్ అనే చిన్న క్లబ్బు నుంచి డాగెన్‌హామ్‌కు తెచ్చుకున్నారు. అతడు తరువాత స్కాట్లాండ్ జాతీయ జట్టుకు ఆడాడు. డ్వైట్ గేల్‌ను 2011లో స్టాన్‌స్టెడ్ అనే మరో చిన్న క్లబ్బు నుంచి డాగెన్‌హామ్‌కే తీసుకుని, వెంటనే లీగ్ మ్యాచ్‌లలో నెట్టేయకుండా బిషప్స్ స్టార్ట్‌ఫర్డ్‌కు, అంటే తాను ఆడిన క్లబ్బుకే, అరువుగా పంపారు. 2013లో ఆ కుర్రాడు ప్రీమియర్ లీగ్‌లో క్రిస్టల్ ప్యాలెస్‌కు చేరాడు. మీ పిల్లలు టీవీలో చూసే ఆటగాళ్లలో కొందరు ఇలా వచ్చినవారే కనుక, దీన్ని వైఫల్యమనడానికి నాకు నోరు రాదు.

ప్రశ్న: ఆయన పైకి తెచ్చిన క్లబ్బులు నిలబడ్డాయా?
– ఒక పాఠకురాలు, తిరుపతి

జవాబు: ఒక్కోదానిది ఒక్కో కథ. మెయిడ్‌స్టోన్ అప్పుల పాలై 1992లో లీగ్ నుంచి తప్పుకుంది, మళ్లీ మొదటి నుంచి మొదలుపెట్టి 2024 జనవరిలో అన్ని అంచెల క్లబ్బులూ తలపడే ఎఫ్.ఎ. కప్‌లో, రెండో అంచె క్లబ్బు అయిన ఇప్స్‌విచ్‌ను 2-1తో ఓడించి అందరినీ నివ్వెరపరచింది. లూటన్ 2023లో ఏకంగా ప్రీమియర్ లీగ్‌కే వెళ్లి, ఒక్క ఏడాదికే దిగిపోయింది. డాగెన్‌హామ్ 2010 ప్లే ఆఫ్‌లలో మోర్‌కామ్‌పై సొంత మైదానంలో 6-0తో, వెంబ్లీ ఫైనల్లో రాదరమ్‌పై 3-2తో గెలిచి మూడో అంచె దాకా ఎక్కినా, మరుసటి ఏడాదే నాలుగోదానికి వచ్చేసింది. 2016లో లీగ్ నుంచే జారిపోయింది. అప్పుడు ఆ క్లబ్బు మేనేజరు కుర్చీలో ఉన్నదీ, కొద్ది నెలల ముందే తిరిగి వచ్చిన స్టిల్ గారే.